కోస్టా డా మోర్టె: ఓడలు పగిలిన తీరం వారసత్వం ఎలా అయింది?

ప్రశ్న
రాసినవారు: సోషల్‌సార్_హాలియా

సభ్యులందరికీ నమస్కారం. నేను హాలియా దగ్గర ఒక ఉన్నత పాఠశాలలో సాంఘిక శాస్త్రం బోధిస్తాను. స్పెయిన్ దేశపు వాయవ్య మూలన, గలీసియా ప్రాంతంలో, అట్లాంటిక్ మహాసముద్రానికి ఎదురుగా నిలిచిన ఒక రాతి తీరాన్ని గురించి కొంతకాలంగా చదువుతున్నాను. మాల్పికా ఊరి నుంచి ఫినిస్టెర్ అగ్రం దాకా సాగే ఆ తీరాన్ని అక్కడివారు కోస్టా డా మోర్టె, అంటే మృత్యుతీరం అంటారు. 1596లో స్పెయిన్ రాజు ఇంగ్లండ్ మీదికి పంపిన నౌకాదళంలో ఇరవైకి పైగా ఓడలు తుఫానులో చిక్కి ఫినిస్టెర్ సమీపంలోనే నాశనమయ్యాయి. 1870లో కెప్టెన్ అనే పేరుగల బ్రిటిష్ యుద్ధనౌక, 1890లో మరో బ్రిటిష్ నౌక సర్పెంట్, 1987లో రసాయనాలు మోస్తున్న కాసోన్ అనే సరుకు ఓడ, 2002లో ప్రెస్టీజ్ అనే చమురు ఓడ ప్రమాదాల పాలైనదీ ఆ సముద్రంలోనే.

నన్ను ఆలోచనలో పడేసిన సంగతి వేరే ఉంది. అక్కడివారు ఆ ప్రమాద స్థలాలకు నడక దారులు వేసి, మృతుల సమాధులను కాపాడుతూ, కేప్ విలాన్ దీపస్తంభంలో ఓడ ప్రమాదాల మీద ప్రదర్శనశాల నడుపుతూ, వీటన్నిటినీ తమ సముద్ర వారసత్వంగా చెప్పుకుంటున్నారు. గుడిని, కోటను, శాసనాన్ని వారసత్వం అంటే పిల్లలకు వెంటనే అర్థమవుతుంది, ఎందుకంటే వాటిని ఎవరో ఒకరు నిలబెట్టాలనే కోరికతో కట్టారు. ఎవరూ కోరుకోని ప్రమాదం, ఎవరి ఊరివారో కాని పరదేశి నావికుల మరణం ఒక ప్రాంతపు వారసత్వం ఎలా అవుతుంది? అలా అయినప్పుడు నీళ్ల అడుగున ఉన్న ఓడలను పైకి తీసి భద్రపరచాలా, ఉన్నచోటనే వదిలేయాలా? నాగార్జునకొండను ముంపు నుంచి తరలించిన చరిత్ర మా ఇంటి ముంగిటిదే కాబట్టి ఈ రెండో ప్రశ్న నాకు మరీ ముఖ్యం. సముద్రం సంగతి దగ్గరగా తెలిసినవారు, పురావస్తు శాఖలో పనిచేసినవారు వివరంగా రాయగలరని ఆశిస్తున్నాను.


జవాబు
రాసినవారు: జహాజీ_మిర్యాలగూడ

సార్, నమస్తే. నేను సరుకు ఓడల మీద సెకండ్ ఆఫీసర్‌గా ఉద్యోగం చేశాను. ఓడ దారిని గీయడం, చార్టులను, అంటే సముద్ర పటాలను సరిదిద్దడం ఆ హోదాలో ఉన్నవాడి పని కాబట్టి ఫినిస్టెర్ ముందు నుంచి పోయే దారి నాకు బాగా తెలుసు. అక్కడ ఓడలు ఎందుకు పగిలాయో ముందు చెప్తాను, ఎందుకంటే కారణం తెలియనిదే మీ మొదటి ప్రశ్నకు జవాబు దొరకదు.

ఇంగ్లండ్, హాలండ్, జర్మనీ రేవుల నుంచి బయలుదేరి ఆఫ్రికాకో, మధ్యధరా సముద్రానికో, దక్షిణ అమెరికాకో పోయే ప్రతి ఓడా బిస్కే అఖాతాన్ని దాటి ఈ మూల చుట్టూ తిరగవలసిందే. అఖాతం దాటేటప్పుడు నేల కంటికి కనబడదు. ఉపగ్రహాలు లేని కాలంలో, ఆకాశం మబ్బు పట్టి సూర్యుడు గాని నక్షత్రాలు గాని కనిపించకపోతే, నడిచిన వేగాన్నీ దిశనూ గంటలతో లెక్కగట్టి ఓడ ఎక్కడ ఉందో అంచనా వేసేవారు. పడమటి గాలి, పెద్ద అలలు, నీటి ప్రవాహం కలిసి ఓడను కొద్దికొద్దిగా తూర్పుకు, అంటే నేలవైపుకు నెడుతూ ఉంటే, ఆ నెట్టుడు లెక్కలోకి రాదు. కెప్టెన్ తాను బయటి సముద్రంలో ఉన్నానని నమ్ముతూనే రాళ్ల మీదికి వస్తాడు. ఇనుప ఓడలు వచ్చాక దిక్సూచి మీద ఓడ ఇనుము ప్రభావం కూడా తోడైంది. దానిని సరిచేసే పద్ధతులు పందొమ్మిదో శతాబ్దంలోనే వచ్చాయి గాని, ఆ సవరణ మీద భరోసా అన్నివేళలా నిలిచేది కాదు.

ఇక ఆ తీరం స్వభావం. గాలి సముద్రం మీద నుంచి నేలవైపుకు వీస్తున్నప్పుడు తెరచాప ఓడ తీరానికి దగ్గరగా చిక్కిందంటే బయటపడటం బహు కష్టం, లంగరు వేసినా రాతి అడుగున పట్టు దొరకదు. తీరానికి దూరంగా నీటి కిందే దాగి, పెద్ద అల లేచినప్పుడు మాత్రమే తెల్లగా నురగ కక్కే రాళ్లు అక్కడ ఎన్నో ఉన్నాయి. చలికాలంలో తుఫానులు ఒకదాని వెనుక ఒకటి వస్తాయి, ఎండకాలంలో పొగమంచు పడుతుంది.

సర్పెంట్ నౌక విషయంలో జరిగింది ఇదే. అది 1890 నవంబరు 8న ప్లిమత్ నుంచి పశ్చిమ ఆఫ్రికాలోని సియెరా లియోన్‌కు బయలుదేరింది. 10వ తేదీ రాత్రి, వానలో, గాలిలో, కమారిన్యాస్ ఊరికి ఉత్తరాన పుంటా దో బోయ్ అనే రాతి కొన మీద పడింది. ఓడలో ఉన్న 176 మందిలో ముగ్గురు మాత్రమే ఒడ్డుకు చేరారు. తరువాత జరిగిన నౌకాదళ విచారణ, తీరానికి తగినంత దూరంగా పడమరకు దారి పెట్టుకోకపోవడమే కారణమని తేల్చింది. అప్పటికే కేప్ విలాన్ మీద ఒక దీపం ఉంది గాని, దాని వెలుగు తక్కువ, పక్కనున్న రాతి గుట్ట కొంతభాగాన్ని మరుగుపరిచేది. సర్పెంట్ మునక తరువాతే అక్కడ కొత్త స్తంభం కట్టి, 1896లో విద్యుద్దీపం వెలిగించారు. స్పెయిన్‌లో విద్యుత్తుతో వెలిగిన తొలి దీపస్తంభం అదే. సముద్ర మట్టానికి నూరు మీటర్లకు పైగా ఎత్తులో ఆ వెలుగు ఇప్పటికీ తిరుగుతూ ఉంటుంది. నేను దాన్ని ఓడ మీది నుంచి రాత్రిపూట చూసినప్పుడు మాకు దాని అవసరం లేదు, మా దగ్గర రాడార్ ఉంది, జీపీఎస్ ఉంది. అయినా డ్యూటీలో ఉన్న ఆఫీసర్ ఆ వెలుగు ఎన్ని సెకన్లకు ఒకసారి మెరుస్తుందో చూసి, చార్టు మీద రాసి ఉన్న దానితో పోల్చుకుంటాడు. మాకు నేర్పిన అలవాటు అది, వదులుకోకూడనిది కూడా.

ఇవాళ ఫినిస్టెర్ ముందు ఉత్తరానికి పోయే ఓడలకు ఒక దారి, దక్షిణానికి పోయే ఓడలకు ఒక దారి విడగొట్టి ఉన్నాయి, ప్రమాదకరమైన సరుకు మోసేవి తీరానికి ఇంకా దూరంగా ఉండే బయటి దారుల్లో పోవాలి. ఆ ప్రాంతంలోకి అడుగుపెట్టగానే రేడియోలో ఫినిస్టెర్ ట్రాఫిక్‌ను పిలిచి ఓడ పేరు, ఉన్నచోటు, దిశ, వేగం, చేరవలసిన రేవు, ప్రమాదకర సరుకు ఉంటే దాని వివరం చెప్పాలి. వారు తిరిగి చదివి వినిపించి, రాడార్‌లో మమ్మల్ని గుర్తుపట్టామని చెప్తారు. ఈ నియమాల్లో ప్రతి ఒక్కదాని వెనుక ఏదో ఒక ఓడ ఉంది. నా వరకు వారసత్వం అంటే అదే సార్. మునిగిన ఓడ అడుగున ఉంది, దాని వలన పుట్టిన దీపమూ దారీ పైన ఉన్నాయి. రెంటినీ కలిపి చూపించగలిగితే పిల్లలకు అర్థమవుతుంది.


జవాబు
రాసినవారు: యంత్రశాల_పాలమూరు

నేను పాలిటెక్నిక్‌లో పాఠం చెప్పేవాడిని. సర్పెంట్ గురించి పై సభ్యులు చక్కగా రాశారు కనుక కెప్టెన్ నౌక గురించి మాత్రం ఒక మాట కలుపుతాను, ఎందుకంటే అది రాళ్లకు తగిలి మునగలేదు, గీసిన నక్షాలోని లోపం వల్ల మునిగింది.

తిరిగే గుండ్రటి బురుజుల్లో ఫిరంగులు పెట్టాలన్నది కౌపర్ కోల్స్ అనే నౌకాధికారి ఆలోచన. ఆలోచన మంచిదే. అయితే ఆవిరి యంత్రంతో పాటు పూర్తి తెరచాపలు, వాటిని మోసే ఎత్తైన స్తంభాలు కూడా ఆ ఓడకే పెట్టారు. కడుతుండగా బరువు పెరిగి, నీటిమట్టం నుంచి డెక్కు దాకా ఉండవలసిన ఎత్తు అనుకున్నదానికంటే సుమారు రెండడుగులు తగ్గిపోయింది. అంచు నీటికి అంత దగ్గరగా ఉన్న ఓడ పక్కకు ఒరిగితే డెక్కు అంచు వెంటనే నీట మునుగుతుంది. మునిగిన క్షణం నుంచి ఓడను తిరిగి నిలబెట్టే బలం పెరగడం మాని తరగడం మొదలవుతుంది. పైన తెరచాపల మీద గాలి మాత్రం తోస్తూనే ఉంటుంది. 1870 సెప్టెంబరు 6 అర్ధరాత్రి దాటాక, ఫినిస్టెర్‌కు పడమట, తుఫాను గాలిలో అది బోర్లపడి, దాదాపు 480 మంది చనిపోయారు. మృతుల్లో ఓడను రూపొందించిన కోల్స్ ఉన్నాడు, అప్పటి బ్రిటిష్ నౌకాదళ మంత్రి హ్యూ చైల్డర్స్ కుమారుడూ ఉన్నాడు. పద్దెనిమిది మంది ఒక పడవలో ఫినిస్టెర్ ఒడ్డుకు చేరారు.

నౌకాదళ నిపుణుల అభిప్రాయానికి విరుద్ధంగా, పార్లమెంటులోను బయటా వ్యక్తమైన ప్రజాభిప్రాయానికి తలవంచి ఈ ఓడను కట్టారని విచారణ న్యాయస్థానం తీర్పులోనే రాసింది. స్థిరత్వపు లెక్క కట్టకుండా ఓడను సముద్రంలోకి పంపకూడదనే పట్టుదల ఈ ప్రమాదం తరువాత ఇంజనీర్లలో బలపడింది. మా విద్యార్థులకు గురుత్వ కేంద్రం గురించి చెప్పేటప్పుడు నేను ఈ ఉదంతాన్నే తీసుకుంటాను. అందులో సూత్రమూ ఉంది, సూత్రాన్ని పక్కన పెట్టిన మనుషులూ ఉన్నారు.


జవాబు
రాసినవారు: శిథిలాల_వనపర్తి

సోషల్ సార్‌కు నమస్కారాలు. పురావస్తు తవ్వకాల్లో చాలాకాలం పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నవాడిని. మీ రెండో ప్రశ్నకు జవాబు రాయడానికి ప్రయత్నిస్తాను, కాస్త పొడవు అవుతుంది.

మునిగిన ఓడ నీటిలో అలాగే ఉండిపోతుందని చాలామంది ఊహిస్తారు. అట్లాంటిక్ వంటి ఉప్పు సముద్రంలో, అలలు బాదే రాతి తీరంలో, కొయ్య ఓడ కొన్నేళ్లకే కనిపించకుండా పోతుంది. అలలు విరగ్గొట్టిన దానిని, ఓడపురుగు అని పిలిచే ఒక ఆల్చిప్ప జాతి జీవి తొలుచుకుంటూ లోపలికి పోయి కొయ్యనంతా గుల్ల చేస్తుంది. చివరికి మిగిలేవి ఫిరంగులు, లంగర్లు, ఓడ అడుగున బరువు కోసం వేసిన రాళ్ల కుప్ప, ఇనుము తుప్పుపట్టి ఇసుకతో కలిసి గట్టిపడిన ముద్దలు. కొయ్య బతకాలంటే బురదలో కూరుకుపోవాలి, ఎందుకంటే గాలి చొరని బురదలో ఆ పురుగు బతకదు. గలీసియాలోనే, మృత్యుతీరానికి తూర్పున ఉన్న రిబడేయో నదీముఖంలో 2011లో పూడిక తీస్తుండగా పదహారో శతాబ్దపు యుద్ధనౌక ఒకటి బయటపడింది. బురద కింద ఉండబట్టే దాని కొయ్య దేహం చాలావరకు దక్కింది.

ఇప్పుడు పైకి తీయడం సంగతి. మూడు నాలుగు వందల ఏళ్లు ఉప్పునీటిలో ఉన్న ఇనుప ఫిరంగి లోపలంతా ఉప్పు చేరి ఉంటుంది. దానిని పైకి తెచ్చి ఆరబెడితే, చూడటానికి గట్టిగా కనిపించేదే కొన్ని నెలల్లో పొరలు పొరలుగా రాలిపోతుంది. నీటి తొట్టిలోనే ఉంచి, మందులు కలిపి, అవసరమైతే విద్యుత్తు పంపి, నెలలూ ఏళ్లూ ఆ ఉప్పును బయటకు లాగాలి. కొయ్య అయితే ఇంకా కష్టం. నీరు బయటకు పోయే కొద్దీ కణాలు కూలి కొయ్య ముడుచుకుపోతుంది కాబట్టి, ఆ నీటి స్థానంలోకి మైనం వంటి పదార్థాన్ని నెమ్మదిగా ఎక్కించాలి. స్వీడన్‌లో 1961లో పైకి తీసిన వాసా నౌకకు ఆ పదార్థాన్ని పదిహేడేళ్ల పాటు చల్లారు. అంత ఖర్చు, అంత ఓపిక, అంతమంది నిపుణులు సిద్ధంగా లేకుండా పైకి తీయడమంటే, నీటిలో నిలిచి ఉన్నదాన్ని మన చేతులతో నాశనం చేయడమే.

అందుకే 2001లో యునెస్కో నీటి అడుగున ఉన్న సాంస్కృతిక వారసత్వ రక్షణకు ఒక ఒడంబడిక చేసింది. అది 2009 జనవరి 2న అమల్లోకి వచ్చింది. కనీసం నూరేళ్లుగా నీటిలో ఉన్న మానవ చరిత్ర ఆనవాళ్లకు అది వర్తిస్తుంది. ఉన్నచోటనే కాపాడటాన్ని మొదట పరిశీలించాలని, ఆ వస్తువులను వ్యాపారానికి వాడకూడదని దాని నియమాలు. ఆ రెండో నియమం ఎందుకు అవసరమో మెర్సెడెస్ అనే స్పానిష్ నౌక చరిత్ర చెప్తుంది. 1804 అక్టోబరు 5న పోర్చుగల్ దక్షిణ తీరం దగ్గర బ్రిటిష్ నౌకలతో జరిగిన పోరులో అది పేలి, రెండు వందల మందికి పైగా ప్రాణాలతో మునిగింది. 2007లో ఒడిస్సీ మెరైన్ ఎక్స్‌ప్లోరేషన్ అనే అమెరికా కంపెనీ ఆ స్థలం నుంచి దాదాపు ఆరు లక్షల నాణేలు, తూకంలో 17 టన్నులు, తీసి విమానాల్లో ఫ్లోరిడాకు తరలించింది. స్పెయిన్ అమెరికా కోర్టుల్లోనే దావా వేసి గెలిచింది. 2012 ఫిబ్రవరిలో ఆ నాణేలు స్పెయిన్‌కు తిరిగి వచ్చి, ఇప్పుడు కార్తహేనాలోని జలాంతర్గత పురావస్తు ప్రదర్శనశాల సంరక్షణలో ఉన్నాయి.

నాణేలు తిరిగి వచ్చాయి గాని, అవి ఓడలో ఏ భాగంలో, ఏ పెట్టెలో, ఏ వస్తువు పక్కన ఉన్నాయన్నది తిరిగి రాలేదు. ఈ నష్టం ఎంతటిదో మన జిల్లాల నుంచే చెప్పగలను. ఉమ్మడి నల్లగొండలోని అక్కనపల్లిలో వెయ్యికి పైగా రోమన్ వెండి నాణేలు ఒక్కచోట దొరికాయి. వాటిని ముద్రించినవారు మధ్యధరా సముద్రపు ఒడ్డునవారు. ఎర్ర సముద్రం మీదుగా రుతుపవనపు గాలి పట్టుకొని వచ్చిన ఓడలు దించిన సరుకుతో, ఎద్దుల బండ్ల మీద, మన నేలకు చేరాయి. శాతవాహనులు తమ నాణేల మీద రెండు తెరచాప స్తంభాల ఓడ బొమ్మను ముద్రించారు. సముద్రం లేని జిల్లాలకు ఓడల చరిత్రతో పని లేదని అనుకోవడానికి వీలే లేదు. అయితే ఆ నాణేలను దాచిన కుండ ఏది, దాని చుట్టూ ఇల్లుందా అంగడి ఉందా బౌద్ధ విహారం ఉందా అన్న ప్రశ్నలకు జవాబు ఆ మట్టిలోనే ఉంటుంది గాని నాణెంలో ఉండదు. దొరికిన మరుక్షణం మట్టిని కదిపేస్తే నాణెం మాత్రమే మిగులుతుంది.


మూల ప్రశ్నకర్త
రాసినవారు: సోషల్‌సార్_హాలియా

ముగ్గురికీ ధన్యవాదాలు. వనపర్తి సార్, మీరు రాసినది చదివాక నాకు ఒక సందేహం మిగిలింది. ఉన్నచోటనే కాపాడటం మేలైనప్పుడు, నాగార్జునకొండ కట్టడాలను విప్పి కొండ మీదికి, అనుపుకు తరలించడం, శ్రీశైలం జలాశయం కోసం కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయిగా తీసి అలంపురంలో తిరిగి నిలబెట్టడం సరైన పనులేనా? మరో సంగతి. ఆ తీరపు జనం రాత్రిపూట ఎద్దుల కొమ్ములకు లాంతర్లు కట్టి, కెప్టెన్లను మోసగించి ఓడలను రాళ్ల మీదికి రప్పించి దోచుకునేవారని ఒకచోట చదివాను. అది నిజమైతే ఇక వారసత్వం అనే మాటను పిల్లల ముందు ఎలా వాడాలి?


జవాబు
రాసినవారు: దేవరకొండ_పరిశోధకురాలు

సార్, నేను పరిశోధన కోసం గలీసియాలో కొంతకాలం ఉన్నాను. మా పని సముద్రపు నాచు మీద కాబట్టి ఆ తీరమంతా తిరిగే అవకాశం దక్కింది. మీ లాంతర్ల ప్రశ్నకు ముందు జవాబు చెప్తాను. అటువంటి కథలు ఇంగ్లండ్‌లోని కార్న్‌వాల్‌లోనూ, ఫ్రాన్స్‌లోని బ్రిటనీలోనూ, గలీసియాలోనూ ఇంచుమించు ఒకే రూపంలో వినిపిస్తాయి. ఓడ పగిలి సరుకు ఒడ్డుకు కొట్టుకొస్తే పేద ఊళ్లవారు తీసుకున్నారన్నది నిజమే. తిండి గింజలు, కొయ్య, బట్ట ఏది వచ్చినా వారికి అక్కర ఉంది. దీపాలతో మోసగించి ఓడలను ముంచారనడానికి మాత్రం గట్టి రుజువులు చూపినవారు లేరు. తుఫాను రాత్రి ఊగే చిన్న లాంతరు వెలుగు సముద్రంలో ఎంత దూరం కనబడుతుందో జహాజీ అన్న చెప్పగలరు.

రుజువులతో తెలిసినది మరొకటి ఉంది. సర్పెంట్ నౌక మునిగినప్పుడు శవాలు రోజుల తరబడి ఒడ్డుకు వస్తూ ఉంటే, హవిన్యా అనే చిన్న ఊరి చర్చి గురువు, చుట్టుపక్కల జనం వాటిని ఏరి తెచ్చి, ప్రమాదం జరిగిన చోటికి దగ్గరలోనే పాతిపెట్టి, చుట్టూ రాతి గోడ కట్టారు. చనిపోయినవారి మతశాఖ వేరు, భాష వేరు. బ్రిటిష్ ప్రభుత్వం కృతజ్ఞతగా ఆ గురువుకు ఒక తుపాకి, కమారిన్యాస్ మేయర్‌కు బంగారు గడియారం, ఊరికి గాలి ఒత్తిడిని కొలిచే బారోమీటరు పంపింది. తుఫాను రాకను ముందే చెప్పే పరికరం కాబట్టి, ఆ కానుకల్లో బారోమీటరే జాలరుల బతుకుకు అక్కరకు వచ్చేది.

ఆ సమాధుల తోట ఇప్పటికీ ఉంది. అక్కడికి తారు రోడ్డు లేదు, కంకర దారిన పోవాలి. మోకాలెత్తు పొదల నడుమ, ఎత్తు తక్కువ రాతి గోడలు, లోపల మరో చిన్న గోడ, దానికవతల సముద్రం. గోడ రాళ్ల మీద పసుపు రంగు నాచు పొర, ఉప్పు గాలికి అరిగిన అంచులు కనిపిస్తాయి. దూరాన అలలు విరిగే రాళ్ల వైపు చూస్తే, నల్లటి రబ్బరు దుస్తులు తొడుక్కొని, నడుముకు తాడు కట్టుకొని పనిచేసే మనుషులు కనబడతారు. పెర్సెబే అనే ఒక రాతి జీవిని గీకి తీసి అమ్ముకోవడం వారి జీవనం. అది అలలు బలంగా కొట్టే రాతి మీదనే పెరుగుతుంది. ఒకరు గీకుతూ ఉంటే మరొకరు తాడు పట్టుకొని, కళ్లు అల మీదనే నిలిపి, పెద్ద అల లేచినప్పుడు కేక వేస్తారు. ఓడలను పగలగొట్టే రాళ్లే వారికి తిండి పెట్టే పొలాలు. ఆ పనిలో చనిపోయిన తమవారి కోసం రాళ్ల మీద నాటిన సిలువలు ఆ తీరంలో అక్కడక్కడా ఉన్నాయి. పరదేశి నావికుల చావును వారు తమదిగా ఎందుకు తీసుకున్నారో ఆ సిలువలను చూశాక నేను మళ్లీ ఎవరినీ అడగలేదు.

ప్రెస్టీజ్ గురించి కూడా రాయాలి, ఎందుకంటే అక్కడివారికి అది చరిత్ర కాదు, బతికి ఉన్న జ్ఞాపకం. 1976లో కట్టిన, ఒకే పొర అడుగు ఉన్న ఆ ఓడ సుమారు 77,000 టన్నుల చిక్కటి ఇంధన చమురుతో పోతూ 2002 నవంబరు 13న తుఫానులో దెబ్బతిన్నది. ఆశ్రయమిచ్చి రేవులోకి రానివ్వాలా, దూరంగా లాగివేయాలా అన్న ప్రశ్నకు ప్రభుత్వం లాగివేయడాన్నే ఎంచుకుంది. ఆరు రోజులు సముద్రంలో అటూ ఇటూ లాగాక, 19వ తేదీన ఓడ రెండు ముక్కలై, తీరానికి సుమారు 250 కిలోమీటర్ల దూరంలో, మూడున్నర కిలోమీటర్ల లోతుకు మునిగింది. అరవై వేల టన్నులకు పైగా చమురు సముద్రంలో కలిసి, గలీసియా నుంచి ఫ్రాన్స్ దాకా తీరాలను కప్పేసింది. స్పెయిన్ నలుమూలల నుంచి వేలాది మంది వచ్చి, తెల్లటి దుస్తులు వేసుకొని, ఇసుకలో నుంచి తారు వంటి ఆ ముద్దలను చేతులతో ఎత్తారు. ఇక ఎన్నటికీ వద్దు అన్న అర్థం వచ్చే నున్కా మాయిస్ అనే నినాదంతో పెద్ద ఉద్యమం నడిచింది. ఆ తరువాత ఐరోపా సంఘం ఒకే పొర అడుగున్న చమురు ఓడల నిషేధాన్ని ముందుకు జరిపింది. ప్రమాదంలో ఉన్న ఓడలకు ఆశ్రయ స్థలాలు చూపడం మీద అంతర్జాతీయ సముద్ర సంస్థ 2003లో మార్గదర్శకాలు విడుదల చేసింది.

కమేయె అనే ఊరిలో మన్ఫ్రెడ్ గ్నేడింగర్ అనే జర్మన్ దేశస్థుడు 1960ల నుంచి ఒంటరిగా ఉంటూ, అలలు తెచ్చిన రాళ్లు, ఎముకలు, కొయ్యలతో ఒడ్డునే శిల్పాల తోట కట్టుకున్నాడు. గోచీ తప్ప బట్ట కట్టని ఆయనను ఊరివారు మాన్ అని పిలిచేవారు. ప్రెస్టీజ్ చమురు ఆ తోటనంతా నల్లగా చేసింది. 2002 డిసెంబరు 28న ఆయన చనిపోయాడు. దిగులుతోనే పోయాడని ఊరంతా అంటుంది. ఆ తోటలో మిగిలిన భాగాన్ని, ఆయన రాసుకున్న చిన్న చిన్న నోటు పుస్తకాలను ఊరిలో భద్రపరిచారు. వారసత్వం అనే మాటను పిల్లల ముందు ఎలా వాడాలని అడిగారు కదా సార్. సమాధుల గోడను, బారోమీటరును, ఈ తోటను, ఇసుక ఎత్తినవారి ఫోటోలను చూపించి వాడవచ్చు. దోపిడి జరిగిన చోట జరిగిందని కూడా దాచకుండా చెప్పవచ్చు.


జవాబు
రాసినవారు: జహాజీ_మిర్యాలగూడ

చెల్లెమ్మ అడిగిన దానికి జవాబు. తుఫానులో, వానలో, ఊగే నూనె లాంతరును ఒకటి రెండు మైళ్లకు మించి చూడటం అసాధ్యమని నా అభిప్రాయం. అంత దగ్గరకు వచ్చిన ఓడ అప్పటికే రాళ్ల మధ్యన ఉన్నట్టు లెక్క. పైగా అనుభవమున్న ఏ నావికుడూ చీకట్లో తెలియని వెలుగు కనిపిస్తే దానివైపుకు తిప్పడు, దాని నుంచి దూరంగా తిప్పుతాడు.

మరొక మాట. కాసోన్ ఓడ ప్రమాదాన్ని సోషల్ సార్ ప్రశ్నలో ప్రస్తావించారు గాని ఎవరూ వివరించలేదు. 1987 డిసెంబరు 5న దానిలో మంటలు చెలరేగాయి, ఉన్న 31 మందిలో 23 మంది చనిపోయారు. సరుకులో సోడియం డ్రమ్ములు ఉన్నాయి. నీరు తగిలితే మండే లోహం అది, కనుక నీళ్లు కొట్టి ఆర్పే మంట కాదు. ఏ డ్రమ్ములో ఏముందో ఒడ్డున ఉన్నవారికి సరిగా తెలియక, పుకార్లు లేచి, వేలాది మంది రాత్రికి రాత్రి ఇళ్లు విడిచిపోయారు. ప్రమాదకర సరుకు వివరాన్ని రేడియోలో ముందే చెప్పాలన్న నియమం విలువ నాకు ఈ ఉదంతంతోనే తెలిసివచ్చింది.


జవాబు
రాసినవారు: శిథిలాల_వనపర్తి

నాగార్జునకొండ, కూడవెల్లి విషయంలో సోషల్ సార్ సందేహం న్యాయమైనది. ఉన్నచోటనే కాపాడటాన్ని మొదట పరిశీలించాలన్నదే నియమం, అదొక్కటే దారి అని కాదు. ఆ చోటు నిలవదని తేలినప్పుడు తరలించడం తప్పనిసరి. నాగార్జునకొండ లోయ మునగబోతోందని ముందే తెలుసు కాబట్టి, 1954 నుంచి 1960 వరకు లోయంతా తవ్వి, ప్రతి కట్టడానికీ నక్షా గీసి, ఫోటోలు తీసి, ఏ రాయి ఎక్కడిదో గుర్తులు వేసి, ఆ తరువాతే ముఖ్యమైనవాటిని కదిపారు. కూడవెల్లి ఆలయపు రాళ్లకూ ఇలాగే అంకెలు వేశారు. కట్టడం చోటు మారింది గాని దాని వివరం పోలేదు. మెర్సెడెస్ విషయంలో వస్తువు తిరిగి వచ్చినా వివరం పోయింది. నా దృష్టిలో తేడా అక్కడే ఉంది. అయినా లోయలోనే ఉండిపోయిన పునాదుల మీద నాకు ఇప్పటికీ బాధ ఉంది, దాన్ని దాచుకోను.

పిల్లలతో పని చేయించాలని మీకు ఉంటే ఒక సూచన. ఎండకాలంలో శ్రీశైలం జలాశయం నీరు తగ్గినప్పుడు సోమశిల వైపు పాత ఊళ్ల గోడలు, మెట్లు, రాతి స్తంభాలు బయటపడతాయి, ఎదుటి ఒడ్డున సప్తనదుల సంగమేశ్వరాలయం (కూడవెల్లిది కాదు, వేరొకటి) నీటి నుంచి పైకి వస్తుంది. పిల్లలను తీసుకుపోతే చేతికి ఏదీ ఎత్తనివ్వకండి. పక్కన స్కేలు పెట్టి ఫోటో తీయించండి, ఫోనులో కనిపించే అక్షాంశ రేఖాంశాలు రాయించండి, ఆ ఊరు తెలిసిన పెద్దవారిని అడిగి అది ఏ ఇల్లో, ఏ గుడో, ఏ రేవో పక్కనే రాసుకోమనండి. పుట్టి నడిపేవారిని తప్పక కలవండి, నీటి కింద ఏ రాయి ఎక్కడుందో వారికి తెలిసినంత మరెవరికీ తెలియదు. నాణెం గాని పాత్ర గాని దొరికితే ఎవరూ ఇంటికి తీసుకుపోకూడదు. 1878 నాటి నిధినిక్షేపాల చట్టం ప్రకారం భూమిలో దొరికిన పది రూపాయలకు మించిన విలువగల నిధిని కలెక్టరుకు తెలియజేయాలి. రాష్ట్ర వారసత్వ శాఖకు కూడా ఫోటోలతో ఒక ఉత్తరం రాసి పంపండి, ఆ ఉత్తరం మీద పిల్లలందరి సంతకాలు ఉండనివ్వండి. నీరు మళ్లీ నిండేది ఆగస్టు ప్రాంతంలో కాబట్టి, ఏప్రిల్ చివరిలో పోతే వీలుగా ఉంటుంది.